నాన్నగారికి నచ్చిన జపాను నటుడు

హైదరాబాదులో చదువుకుంటున్న రోజుల్లో, 1980ల చివర, ఒక ఫిల్మ్ సొసైటీ వారు ఆదివారం పొద్దున ప్రదర్శించిన అకీరా కురొసావా సినిమా "సెవెన్ సమురాయ్" చూడడానికి నేను వెళ్లింది నటుడు తొషిరో మిఫునే కోసమే. ఆయన పేరు అప్పటికే విని ఉన్నాను. మిగిలిన ఆరుగురూ ఎవరో నాకు తెలియదు. దాదాపు మూడున్నర గంటల సినిమా అది. రీలు మార్చినప్పుడల్లా హాలులో దీపాలు వెలిగేవి, ముందు వరుసల్లోని పెద్దవాళ్లు లేచి నడుములు సవరించుకునేవారు, మళ్లీ చీకటి పడేది. మధ్యాహ్నం ఎండలో బయటికి వచ్చి సిటీ బస్సు ఎక్కి కిటికీ పక్కన కూర్చున్న తరువాత నా కళ్ల ముందు నిలిచింది మిఫునే గంతులు కాదు, అరుపులు కాదు. కొత్తగా చేయించుకున్న గుండును అరచేత్తో నెమ్మదిగా తడుముకుంటున్న ఒక నడివయసు మనిషి నిలిచాడు.

చూసినవారికి ఆ సన్నివేశం గుర్తుండే ఉంటుంది. ఒక దొంగ పసివాణ్ని ఎత్తుకుపోయి కొట్టంలో దాక్కుంటాడు. వాణ్ని ఏమార్చడానికి కాంబెయ్ అనే సమురాయ్ యోధుడు నీటి ఒడ్డున కూర్చుని, తన సిగ తీయించేసుకుని, తల నున్నగా గొరిగించుకుని, ఒక భిక్షువు దగ్గర వస్త్రాలు అడిగి తీసుకుని, అన్నం ముద్దలు పట్టుకుని కొట్టం వైపు నడుస్తాడు. సమురాయ్‌కి సిగ అంటే పరువు. ముక్కూ మొహం తెలియని ఒక బిడ్డ కోసం దాన్ని వదులుకుంటున్న మనిషి ముఖంలో, తానేదో త్యాగం చేస్తున్నానన్న భావం లేశమైనా కనిపించదు. చెమట పడితే తుడుచుకున్నంత మామూలుగా కూర్చుని ఉంటాడు. ఆ తరువాత సినిమా పొడవునా ఆలోచనలో పడినప్పుడూ, మొహమాటపడినప్పుడూ అతని చెయ్యి దానంతటదే తలమీదికి పోతుంది. ఆ ఒక్క అలవాటుతో ఆ మనిషి నాకు మా వీధిలో ఎప్పటి నుంచో తెలిసిన పెద్దాయనలా అనిపించాడు. నటుడి పేరు తకాషి షిమురా అని సొసైటీ వారు పంచిన సైక్లోస్టైల్ కాగితంలో చదివాను.

కొన్ని నెలల తరువాత స్నేహితుడి గదిలో, అద్దెకు తెచ్చిన వీడియో క్యాసెట్‌లో "గాడ్జిల్లా" చూశాం. అందరూ ఆ మహా జంతువును ఎలా చంపాలా అని తలపట్టుకుంటూ ఉంటే, హైడ్రోజన్ బాంబు దెబ్బ తిని కూడా బతికి బయటపడిన ప్రాణిని చంపడమేమిటి, ముందు పరిశీలించాలి కదా అని ఒంటరిగా బాధపడే డాక్టర్ యమానె అనే శాస్త్రజ్ఞుడు అందులో ఉన్నాడు. ఇంట్లో దీపం ఆర్పేసి చీకట్లో కూర్చుంటాడు. ఎక్కడో చూసినట్టుందే అనుకుంటూనే సినిమా అంతా చూశాను; చివర్లో ఆయన తల కొంచెం వంచి, ఇలాంటి పరీక్షలు సాగితే ఇంకో గాడ్జిల్లా రాకపోదని తనలో తాను అనుకుంటున్నప్పుడు తట్టింది, ఈయన కాంబెయ్ అని. కత్తి పట్టి ఆరుగురికి నాయకత్వం వహించిన మనిషీ, కోటు వేసుకుని బొమికలూ శిలాజాలూ పరీక్షించే ఈ పండితుడూ ఒక్కరే. ఆ రెండు సినిమాలూ 1954లోనే విడుదలయ్యాయి: ఒకటి ఏప్రిల్‌లో, ఇంకొకటి నవంబరులో.

ఆ రోజు నుంచి ఆయన పేరు కోసం వెతకడం నాకు ఒక వ్యాపకమైపోయింది. ఒక నోటు పుస్తకంలో ఆయన సినిమా చూసిన తేదీ, పాత్ర పేరు, ఆ పాత్రలో ఆయన చేతులు ఏం చేశాయో రాసుకునేవాణ్ని. ముఖం కంటే చేతుల్నే ఎందుకు గమనించేవాణ్నో ఇప్పుడు చెప్పలేను గాని, ఆ అలవాటు వల్లే ఆయన నటన నాకు కాస్తయినా అర్థమయిందని నమ్ముతాను.

షిమురా 1905 మార్చి 12న హ్యోగో ప్రిఫెక్చర్‌లోని ఇకునో అనే ఊళ్లో పుట్టారు. అసలు పేరు షోజి షిమజాకి. ఇకునో వెండి గనుల ఊరు. తండ్రి మిత్సుబిషి వారి గనుల్లో ఉద్యోగి. వారిది సమురాయ్ వంశం. తాతగారు 1868లో తొబా-ఫుషిమి యుద్ధంలో పాల్గొన్నారు. చాలా ఏళ్ల తరువాత ఉద్యోగం పనిమీద ఒసాకా వెళ్లినప్పుడు, ఒక సెలవురోజు హిమెజీలో రైలు మారి బాంతాన్ లైనులో ఇకునో దాకా వెళ్లి వచ్చాను. గని ఇప్పుడు సందర్శకుల కోసం తెరిచి ఉంచిన స్థలం. గని ఉద్యోగుల కోసం కట్టిన పాత చెక్క ఇళ్లు కొన్నింటిని ఆ ఊరివాళ్లు జాగ్రత్తగా నిలబెట్టుకున్నారు. షిమురా పుట్టిన ఇల్లు ఆయన స్మారక మందిరమైంది. గోడల మీద సినిమా పోస్టర్లు చూస్తూ, ఈ గదిలో ఒక పిల్లవాడు పరిగెత్తి ఉంటాడని ఊహించుకుంటూ, వరండా అంచున చాలాసేపు కూర్చున్నాను.

కాన్సాయ్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లిషు సాహిత్యం చదువుతుండగా తండ్రి పదవీ విరమణ చేయడంతో ఇంట్లో డబ్బుకు ఇబ్బంది వచ్చింది. షిమురా పగలు ఒసాకా నగరపాలక సంస్థ నీటి సరఫరా విభాగంలో ఉద్యోగం చేస్తూ చదువు సాగించారు. నాటకం పిచ్చి అక్కడే పట్టుకుంది. 1928లో స్నేహితులతో కలిసి ఒక నాటక సంఘం పెట్టారు. రిహార్సళ్ల కోసం ఆఫీసు ఎగ్గొట్టి ఎగ్గొట్టి చివరికి ఆ ఉద్యోగం పోగొట్టుకున్నారు. తరువాత వృత్తి నాటక బృందాలతో తిరిగి, 1930ల మొదట్లో క్యోటోలోని షింకో కినెమా స్టూడియోలో చేరారు. సినిమాలింకా మూకీగా ఉన్న చివరి రోజులవి. 1936లో కెంజి మిజొగుచి తీసిన "ఒసాకా ఎలిజీ"లో ఒక డిటెక్టివుగా కొద్దిసేపు కనిపిస్తారు. ఆ మరుసటి ఏడు నిక్కాత్సు స్టూడియోకు మారి, 1942 దాకా దాదాపు నూరు సినిమాల్లో నటించారు. అయిదారేళ్లలో నూరు సినిమాలంటే, దాదాపు మూడు వారాలకో వేషం మారుస్తూ మాట, నడక, వయసు ఎప్పటికప్పుడు కొత్తగా పట్టుకోవలసిన చాకిరీ. కురొసావా దగ్గర మనం చూసే షిమురా ఆ చాకిరీలో తయారైన మనిషి.

ఆ నూరింటిలో నేను చూడగలిగినది తక్కువే గాని, 1939లో మసాహిరో మకినో తీసిన పాటల సినిమా "సింగింగ్ లవ్‌బర్డ్స్" చూసినప్పుడు కలిగిన ఆశ్చర్యం ఇప్పటికీ చెప్పుకుంటాను. అందులో షిమురా గొడుగులు తయారుచేసుకుని బతికే ఒక పేద సమురాయ్; చేతిలో డబ్బు పడితే చాలు పాత కుండలూ పింగాణీ బొమ్మలూ కొనేస్తాడు, కూతురు తలబాదుకుంటుంది. ఆ తండ్రి పాత్రలో ఆయన పాడతారు. ఎంత హాయిగా పాడతారంటే, ఈ గొంతును గాయకుడిగా నిలబెట్టవచ్చునని ఒక రికార్డుల కంపెనీకి అనిపించిందని చెప్పుకోవడంలో వింత లేదు. ఆ పాటను గుర్తుపెట్టుకోమని చదివేవారిని కోరుతున్నాను. కాసేపట్లో అది మళ్లీ అవసరమవుతుంది.

యుద్ధానికి ముందు రోజుల్లో, వామపక్ష నాటక బృందాలతో పాత పరిచయం ఉందన్న కారణానికి, భావాలను నేరంగా చూసే ప్రత్యేక పోలీసులు ఆయన్ని సుమారు మూడు వారాలు నిర్బంధించారు. భార్య మసాకో, సహనటుడు ర్యునొసుకె త్సుకిగాతా పూచీ పడితే బయటికి వచ్చారు. యుద్ధం ముగిశాక 1946లో కురొసావా "నో రిగ్రెట్స్ ఫర్ అవర్ యూత్" తీసినప్పుడు, అచ్చంగా అలాంటి పోలీసు అధికారి వేషం షిమురాకు దక్కింది. విషపు స్ట్రాబెర్రీ అని మారుపేరున్న ఆ అధికారి గొంతు పెంచడు. ఎదురుగా ఉన్నవాడి మాట పూర్తయ్యేదాకా ఓపికపడతాడు. భయమంతా ఆ ఓపికలోనే ఉంది. ప్రశ్నలు అడిగేవాడి బల్లకు ఇవతల కూర్చుని ఆ మూడు వారాల్లో చూసిందాన్నే ఆయన ఆ వేషంలో వాడుకున్నారని అంటారు. సినిమా చూస్తే నమ్మబుద్ధేస్తుంది.

కురొసావాతో ఆయన అనుబంధం 1943లో, ఆ దర్శకుడి మొదటి సినిమా "సన్షిరో సుగాతా"తోనే మొదలయింది. కురొసావా తీసిన 30 సినిమాల్లో 21 సినిమాల్లో షిమురా ఉన్నారు. కురొసావా నటుడు అనగానే లోకం మిఫునే పేరు చెబుతుంది. మిఫునే నటించినవి 16. ఈ లెక్క చెప్పినప్పుడల్లా ఎదుటివాళ్లు ఒకసారి ఆగి మళ్లీ అడుగుతారు.

ఆ ఇద్దరూ ఎదురెదురుగా నిలబడిన సినిమాల్లో నాకు ఎప్పటికీ విసుగు పుట్టనివి మూడు. 1948 నాటి "డ్రంకెన్ ఏంజెల్"లో షిమురా, మురికి గుంట పక్కన మందు తాగుతూ, రోగుల్ని తిడుతూ, క్షయ పట్టిన ఒక రౌడీని ఎలాగైనా బతికించాలని తాపత్రయపడే డాక్టరు. పేరులో ఉన్న తాగుబోతు దేవదూత ఆయనే. కాని కొత్తగా వచ్చిన మిఫునే ఆ రౌడీగా తెరను ఊడ్చుకుపోయాడు. షిమురా ఏమీ అడ్డుపడలేదు. కుర్రవాడు ఎగిరిపడుతుంటే తాను విసుక్కుంటూ, సీసాలో ఎంత మిగిలిందో చూసుకుంటూ, ఆ ఎగిరిపాటుకు ఒక నేల ఏర్పరిచారు. రెండేళ్లకు "స్కాండల్"లో సరిగ్గా దీనికి తిరగబడింది. ఇక్కడ నాయకుడు మిఫునే. షిమురా అతని వకీలు హిరుతా, జలగ అనే అర్థం వచ్చే పేరున్న పిరికివాడు, అవతలి పక్షం దగ్గర డబ్బు తీసుకున్నవాడు. మంచాన పడ్డ కూతురి కళ్లలోకి సూటిగా చూడలేక ఆయన తల దించుకునే తీరు చూశాక, సినిమా ఎవరి కథో మనకు మరుపుకు వస్తుంది. క్రిస్మస్ రాత్రి తాగుడు దుకాణంలో, వచ్చే ఏడాదైనా మంచి మనిషినవుతానని ఆయన ఏడుస్తూ అనే ఘట్టం ఆ సినిమాకు గుండెకాయ. ఇద్దరిలో ఎవరు ఎవరి దగ్గర నేర్చుకున్నారో తేల్చడం నా వల్ల కాదు.

మధ్యలో 1949లో వచ్చింది "స్ట్రే డాగ్". తుపాకి పోగొట్టుకున్న కుర్ర పోలీసుగా మిఫునే, అనుభవజ్ఞుడైన సాతో అనే డిటెక్టివుగా షిమురా. సాతో మొదటిసారి మనకు కనిపించేటప్పుడు, విచారణ గదిలో నేరస్థురాలితో కలిసి ఐస్‌ఫ్రూట్ చీకుతూ ఉంటాడు. బెదిరింపు లేదు, బల్ల గుద్దడం లేదు. వేసవి మధ్యాహ్నం ఇద్దరు మనుషులు చల్లటిది తింటున్నారంతే, మాట దానంతటదే బయటికి వస్తుంది. ఆ సంవత్సరం మైనిచి ఫిల్మ్ అవార్డుల్లో ఉత్తమ నటుడు షిమురాయే.

ఇక "ఇకిరు" గురించి చెప్పాలి. బతకడం అని ఆ మాటకు అర్థం.

మా నాన్నగారు కోస్తాలో ఒక చిన్న పట్టణం మున్సిపల్ ఆఫీసులో గుమాస్తాగా చేరి, హెడ్ క్లర్కుగా రిటైరయ్యారు. రిటైరైన ఏడాదే, సెలవులకు ఇంటికి వెళ్తూ "ఇకిరు" క్యాసెట్ తీసుకువెళ్లాను. నగరపాలక సంస్థలో ముప్ఫై ఏళ్లుగా ఒకే కుర్చీలో కూర్చున్న వతనాబె అనే అధికారి, తనకు కడుపులో క్యాన్సరు ఉందని తెలుసుకున్న తరువాత ఏం చేశాడన్నది కథ. మురికిగుంట పూడ్చి పిల్లల పార్కు కట్టించడం, అంతే. పాత ప్రింటు మీద తెల్లటి సబ్‌టైటిళ్లు తెల్లటి కాగితాల్లో కలిసిపోయి కనిపించకపోతే నేను పక్కన కూర్చుని ఒక్కో మాటా తెలుగులో చెప్పడం మొదలుపెట్టాను. పది నిమిషాలు వినీ వినీ నాన్నగారు, "నువ్వు చెప్పకురా, నాకు తెలుస్తూనే ఉందిలే" అని కుర్చీ టీవీ దగ్గరికి జరుపుకున్నారు.

సినిమా మొదట్లోనే వతనాబె కాగితాల మీద ముద్రలు వేస్తూ ఉంటాడు. ముద్రకు సిరా అంటుకుంటే, సొరుగు తెరిచి, ఒకప్పుడు ఆఫీసు పని మెరుగుపరచడానికి తానే రాసిన పాత ప్రతిపాదనలోంచి ఒక కాగితం చింపి, దానితో ముద్ర తుడుచుకుంటాడు. కళ్లలో ఏమీ ఉండదు. నేను నాలుగుసార్లు చూసి కూడా దాటేసిన ఆ క్షణం దగ్గర నాన్నగారు క్యాసెట్ ఆపించారు. "ఆ కాగితం అతను రాసిందే కదూ? కొత్తలో అందరం రాస్తాంరా అలాంటివి" అన్నారు. నాన్నగారు కూడా ఏదో రాసి ఉంటారన్న సంగతి నాకు ఆ రోజు దాకా తెలియదు. ఏమిటని అడగలేదు.

పిల్లల తల్లులు మురికిగుంట గురించి అర్జీ పట్టుకుని ఒక శాఖ నుంచి ఇంకో శాఖకు, ఇంకో బల్ల నుంచి మరో బల్లకు తిరిగి తిరిగి బయలుదేరిన చోటికే వచ్చే దృశ్యం దగ్గర ఆయన ఒక్క మాటా మాట్లాడలేదు. రెండో సగంలో వతనాబె చనిపోయాక, దినం ఇంట్లో సహోద్యోగులు ఒక్కొక్కటీ గుర్తుచేసుకుంటుంటే, ఆ వృద్ధుడు పార్కు కోసం గదిగదికీ వెళ్లి, నడుము వంచి, అవతలివాడు విసుక్కున్నా కదలకుండా నిలబడ్డ దృశ్యాలు వస్తాయి. అప్పుడు నాన్నగారు అన్నమాట నా నోటు పుస్తకంలో రాసుకున్నాను: "అర్జీదారుడు ఎలా నిలబడతాడో అలా నిలబడుతున్నాడు, చూడు. ఎన్నాళ్లు చూసి ఉంటే వస్తుంది ఆ నిలబడడం!" మొదటి సగంలో కుర్చీలో ముద్దలా కూర్చున్న ఒళ్లే, రెండో సగంలో బల్లకు ఇవతల నిలబడింది. షిమురా ఆ పాత్రలో చేసిందంతా ఆ ఒక్క మార్పులో ఉందని నాకు అంతకు ముందు తోచలేదు.

తరువాత ఎప్పుడో, ఈ నటుడు స్వయంగా ఒసాకా నగరపాలక సంస్థలో కొన్నాళ్లు పనిచేశాడని చదివి, ఆ సంగతి నాన్నగారికి ఉత్తరంలో రాశాను. జవాబులో ఒక వాక్యం మొత్తం దాని గురించే ఉంది: "అనుకున్నాను, మనవాడే."

మంచు కురుస్తుండగా పార్కులో ఉయ్యాల మీద కూర్చుని వతనాబె పాడే పాట 1915 నాటి "గొండొలా నో ఉతా". జీవితం చిన్నది, వయసుండగానే ప్రేమించమని కన్నెపిల్లలకు చెప్పే పాట. సినిమాలో అంతకు ముందు ఒకసారి, జనంతో కిక్కిరిసిన రాత్రి క్లబ్బులో కూడా పాడతాడు. అప్పుడా గొంతు ఎంత అడుగు నుంచి, ఎంత బొంగురుగా వస్తుందంటే, చుట్టూ ఉన్న జంటలు ఆట మాని స్తంభించిపోతాయి. "సింగింగ్ లవ్‌బర్డ్స్" చూసిన తరువాత ఈ రెండు పాటలూ మళ్లీ విని నేను చాలాసేపు తేరుకోలేకపోయాను. చక్కగా పాడగలిగిన మనిషి, తన గొంతులోని తీపినంతా తీసి పక్కన పెట్టి, పాడడం చేతకానివాడిగా పాడాడు. "ఇకిరు" నాటికి ఆయన వయసు 47. రాలిపోతున్న ఆ ముసలితనం అంతా అభినయమే.

సినిమా అయ్యాక నాన్నగారు, "మన గుమ్మడి లాంటివాడు" అన్నారు. ఆ పోలిక నాకు అప్పటికి పెద్దగా అనిపించలేదు గాని, ఆలోచించిన కొద్దీ సరైనదనే తోస్తుంది. 1927లో పుట్టిన గుమ్మడి వెంకటేశ్వరరావుగారు, తనకంటే వయసులో పెద్దవారైన రామారావుకు, నాగేశ్వరరావుకు తండ్రిగా తెరమీద నిలబడి ఒప్పించారు. 1962లో "మహామంత్రి తిమ్మరుసు"లో కళ్లు పోగొట్టుకున్న ఆ వృద్ధమంత్రిగా నటించేనాటికి ఆయనకు ముప్ఫై అయిదేళ్లు. పక్కన నిలబడేవాడిగానే జీవితమంతా గడిపిన నటుడికి, ఒక్కసారి సినిమా మొత్తం అప్పగిస్తే ఏమవుతుందో రెండు చోట్లా తెలిసింది.

"ఇకిరు"కు, "సెవెన్ సమురాయ్"కి మధ్య రెండేళ్లు కూడా నిండలేదు. ఆ వంగిన వెన్నే నిటారుగా లేచింది. నాన్నగారితో కలిసి ఆ రెండోది చూసినప్పుడు, కాంబెయ్ బందిపోట్ల సంఖ్యను కాగితం మీద సున్నాలుగా రాసుకుని, ఒక్కొక్కడు చచ్చినప్పుడల్లా ఒక సున్నా కొట్టివేయడం చూసి ఆయన ఎంతో సంబరపడ్డారు. పద్దు రాయని నాయకుడు నాయకుడే కాదని ఆయన నమ్మకం.

"రషోమన్"లో కట్టెలు కొట్టేవాడిగా, తానూ అబద్ధమాడి, తానూ సిగ్గుపడి, చివరికి దిక్కులేని పసికందును ఎత్తుకుని ఇంటిదారి పట్టే మనిషిగా షిమురాను ఎందరో చూశారు కనుక దాని గురించి ఎక్కువ రాయను. 1960ల నుంచి కురొసావా సినిమాల్లో ఆయన వేషాలు చిన్నవవుతూ వచ్చాయి. "యొజింబో"లో సారా వ్యాపారి, "సన్జురో"లో కుట్రదారుల్లో ఒకడు, "హై అండ్ లో"లో పోలీసు పెద్ద. సహాయ పాత్ర నుంచి నాయక పాత్రకు ఎదిగి, మళ్లీ రెండు నిమిషాల పాత్రకు దిగడంలో ఆయన ముఖం మీద ఏ చిన్న చిరాకూ నాకు కనిపించలేదు. జపాను ప్రేక్షకులకు ఆయన ఇంకోలా కూడా ఆప్తులు: తొరా అనే దేశదిమ్మరి నాయకుడిగా యోజి యమాదా తీసిన తొరా-సాన్ సినిమాల్లో మూడింటిలో, తొరా చెల్లెలి మామగారిగా, పుస్తకాలకు అంటుకుపోయిన పండితుడిగా వస్తారు. 1971 నాటి ఎనిమిదో సినిమాలో, ఒకప్పుడు రాత్రి నడకలో దారి పక్కన ఒక పల్లె ఇంటి వాకిట విరిసిన పూలనూ, దీపం వెలుతురులో భోజనానికి కూర్చున్న కుటుంబాన్నీ చూశానని తొరాకు చెబుతారు. చేతులు ఒళ్లో పెట్టుకుని, కదలకుండా, మాటలతో ఆ ఇంటిని చూపిస్తారు. నా నోటు పుస్తకంలో ఆ సినిమా ఎదురుగా "చేతులు: ఏమీ చేయలేదు" అని ఉంది.

ఆయన 1982 ఫిబ్రవరి 11న టోక్యోలో, ఊపిరితిత్తుల వ్యాధితో కన్నుమూశారు. 200కు పైగా సినిమాలు చేశారు. కురొసావాతో ఆఖరిది 1980లో వచ్చిన "కగెముషా"; తాగుచి గ్యోబు అనే ఆ పాత్రను దర్శకుడు ఆయన కోసమే రాసుకున్నారు. విదేశాలకు పంపిన ప్రతిలో నిడివి తగ్గించడానికి ఆ సన్నివేశాన్ని తీసేశారు. అందుకే నేను మొదటిసారి "కగెముషా" చూసినప్పుడు, ఇదిగో వస్తారు, అదిగో వస్తారు అని చివరి దాకా ఎదురుచూసి ఇంటికి వచ్చాను. పూర్తి ప్రతి డీవీడీగా నా చేతికి వచ్చేసరికి నాన్నగారు లేరు. ఆ రాత్రి ఒక్కణ్నే కూర్చుని పెట్టుకున్నాను. ఆ వృద్ధుడు తెరమీదికి రాగానే, నాకు తెలియకుండానే లేచి, కుర్చీ టీవీ దగ్గరికి జరుపుకున్నాను.